ఇల్లు ఖాళీ చేయాలని కోర్టు తీర్పిచ్చిందా..? అప్పీల్‌కు 30 రోజులే గడువు! ఓనర్, కిరాయిదారు ఇద్దరూ తెలుసుకోవాల్సిన విషయాలివే..

కిరాయి గొడవ మొదట గేటు దగ్గర మాటలతో మొదలవుతుంది. తర్వాత లాయర్ నోటీసు వస్తుంది. ఆ తర్వాత కోర్టు. ఏళ్ల తరబడి వాయిదాలు తిరిగాక ఒక రోజు తీర్పు వస్తుంది.. "ఇల్లు ఖాళీ చేసి ఓనర్‌కు అప్పగించాలి" అని. చాలామంది కిరాయిదారులు అక్కడితో కథ అయిపోయిందనుకుంటారు. ఇంకొందరు "పైకోర్టుకు పోతాం కదా, ఇంకో పదేళ్లు ఎవరూ కదిలించలేరు" అని ధీమాగా ఉంటారు. నిజానికి రెండూ తప్పే. అప్పీల్ చేసుకునే హక్కు ఉంది. కానీ దానికి గడువుంది, షరతులున్నాయి. అప్పీల్ వేసినంత మాత్రాన తీర్పు ఆగదు కూడా.

నాగార్జునసాగర్ హైవే మీద ఉన్న తుర్కయాంజాల్ లాంటి చోట ఈ విషయం తెలుసుకోవడం మరింత అవసరం. ఎందుకంటే ఈ ఊరు కొన్నేళ్ల కిందటి వరకు గ్రామ పంచాయతీ. తర్వాత మున్సిపాలిటీ అయింది. 2025 చివర్లో జీహెచ్ఎంసీలో కలిసింది. ఆదిబట్ల ఐటీ, ఏరోస్పేస్ కంపెనీలు, ఔటర్ రింగ్ రోడ్డు దగ్గరవడంతో రాగన్నగూడ, మునగనూర్, ఇంజాపూర్, తొర్రూర్ వైపు కిరాయి ఇళ్లు, రోడ్డు పక్కన మడిగెలు బాగా పెరిగాయి. ఒకే వీధిలో పంచాయతీ కాలం నాటి పాత మడిగె, నిన్నమొన్న కట్టిన మూడంతస్తుల బిల్డింగ్ పక్కపక్కనే ఉంటాయి. ఈ రెండింటికీ వర్తించే చట్టం ఒకటి కాకపోవచ్చు. చట్టం మారితే అప్పీల్ వెళ్లే దారి కూడా మారిపోతుంది.

ముందుగా తేల్చుకోవాల్సింది ఇదే..

తెలంగాణలో కిరాయిదారును ఖాళీ చేయించడానికి ప్రధానంగా రెండు దారులున్నాయి. ఒకటి 1960 నాటి బిల్డింగ్స్ (లీజ్, రెంట్ అండ్ ఎవిక్షన్) కంట్రోల్ చట్టం. అందరూ రెంట్ కంట్రోల్ యాక్ట్ అంటుంటారు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో వచ్చిన ఈ చట్టమే ఇప్పటికీ తెలంగాణలో నడుస్తోంది. రెండోది 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం కింద సివిల్ కోర్టులో వేసే మామూలు దావా.

రెంట్ కంట్రోల్ చట్టం హైదరాబాద్, సికింద్రాబాద్ నగరాలకు, మున్సిపాలిటీలకు వర్తిస్తుంది. ప్రభుత్వం ప్రత్యేకంగా నోటిఫై చేస్తే తప్ప గ్రామ పంచాయతీలకు వర్తించదు. అంటే తుర్కయాంజాల్ పంచాయతీగా ఉన్నప్పుడు కిరాయి గొడవలు సివిల్ కోర్టుకే వెళ్లాలి. పట్టణ సంస్థ అయ్యాక రెంట్ కంట్రోల్ తలుపు తెరుచుకుంది. అయితే అందరికీ కాదు.

ఎందుకంటే ఈ చట్టంలోని 32వ సెక్షన్ కొన్ని బిల్డింగులను పక్కన పెట్టింది. 2005లో చేసిన సవరణ తర్వాత..

* కట్టడం పూర్తయిన రోజు నుంచి 15 ఏళ్లు దాటని బిల్డింగులకు ఈ చట్టం వర్తించదు.
* మున్సిపల్ కార్పొరేషన్ల పరిధిలో నెల కిరాయి రూ. 3,500 దాటితే, మిగతా చోట్ల రూ. 2,000 దాటితే వర్తించదు.
* ప్రభుత్వ భవనాలకు వర్తించదు.

ఈ మినహాయింపుల వెనకా ఒక కోర్టు కథ ఉంది. మొదట్లో 1957 ఆగస్టు 26 తర్వాత కట్టిన బిల్డింగులన్నిటినీ ఈ చట్టం నుంచి తప్పించారు. కొత్తగా ఇళ్లు కట్టేవాళ్లకు ప్రోత్సాహం అన్నది దాని ఉద్దేశం. కానీ 26 ఏళ్లు గడిచినా వాటిని ఇంకా "కొత్త బిల్డింగులు" అనడం ఏంటని 1983లో మోటార్ జనరల్ ట్రేడర్స్ కేసులో సుప్రీంకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. ఆ తర్వాతే ఇన్నేళ్ల లోపు అనే కాలపరిమితి పద్ధతి వచ్చింది.

ఇప్పుడు లెక్క చూడండి. ఆరేళ్ల కిందట కట్టిన బిల్డింగ్‌లో రూ. 9,000 కిరాయికి ఉండే డబుల్ బెడ్రూం పోర్షన్.. ఇది రెంట్ కంట్రోల్ కిందకు రాదు. సివిల్ కోర్టే. పాతికేళ్ల కిందటి మడిగెకు ఇప్పటికీ రూ. 1,500 కిరాయి కడుతుంటే.. అది రెంట్ కంట్రోల్ కేసు. తుర్కయాంజాల్ వైపు ఇవాళ్టి కిరాయిలు చూస్తే ఎక్కువ ఇళ్లు మొదటి లెక్కలోకే వస్తాయి. తప్పు కోర్టులో కేసు వేస్తే, గెలిచినా పైకోర్టులో "ఆ కోర్టుకు అధికారమే లేదు" అన్న ఒక్క పాయింట్ మీద తీర్పు పోయే ప్రమాదం ఉంది. అందుకే ఓనర్లకైనా, కిరాయిదార్లకైనా మొదటి ప్రశ్న ఇదే.. బిల్డింగ్ వయసెంత? కిరాయి ఎంత?

దారి 1: రెంట్ కంట్రోల్ కేసు అయితే..

ఈ చట్టం కింద ఓనర్ తన ఇష్టప్రకారం ఖాళీ చేయించలేరు. 10వ సెక్షన్‌లో చెప్పిన కారణాల్లో ఏదో ఒకటి రుజువు చేయాలి. కావాలని కిరాయి ఎగ్గొట్టడం, రాతపూర్వక అనుమతి లేకుండా వేరేవాళ్లకు కిరాయికివ్వడం, ఇల్లుగా తీసుకుని ఇంకో పనికి వాడటం, బిల్డింగ్‌ను పాడు చేయడం, చుట్టుపక్కల వాళ్లకు ఇబ్బంది కలిగించడం, ఓనర్ సొంతానికి నిజంగా అవసరం కావడం.. ఇలాంటివి.

ఇందులో "కావాలని" అన్న మాట చాలా ముఖ్యం. కిరాయి ఆలస్యమైంది కానీ అది ఉద్దేశపూర్వకం కాదని కంట్రోలర్ నమ్మితే, 15 రోజులకు మించకుండా గడువిచ్చి బకాయి కట్టించుకోవచ్చు. కడితే ఓనర్ పిటిషన్ కొట్టేస్తారు. అప్పీళ్లలో ఎక్కువగా నడిచే వాదన కూడా ఇదే.. ఎగవేత కావాలని చేసిందా, కాదా అని.

రెంట్ కంట్రోలర్ తీర్పు నచ్చకపోతే 20వ సెక్షన్ కింద అప్పీల్ చేయొచ్చు. ఓడింది కిరాయిదారైనా, ఓనరైనా ఈ హక్కు ఉంది. గడువు 30 రోజులు. హైదరాబాద్, సికింద్రాబాద్ నగరాల్లో అయితే సిటీ స్మాల్ కాజెస్ కోర్టు చీఫ్ జడ్జి దగ్గర, మిగతా చోట్ల ఆ ప్రాంతంపై అధికారం ఉన్న సీనియర్ సివిల్ జడ్జి దగ్గర అప్పీల్ వేయాలి. ఈ అప్పీల్ కోర్టు రికార్డులు తెప్పించుకుని సాక్ష్యాలను మళ్లీ మొదటి నుంచి పరిశీలించొచ్చు. అవసరమైతే అదనపు విచారణ కూడా చేయొచ్చు.

అక్కడా ఓడిపోతే? మళ్లీ అప్పీల్ ఉండదు. 22వ సెక్షన్ కింద హైకోర్టులో రివిజన్ మాత్రమే ఉంటుంది. ఈ రెండింటి మధ్య తేడా చాలామందికి తెలియదు. అప్పీల్ అంటే కేసును మళ్లీ వినడం. రివిజన్ అంటే కింది కోర్టు చట్టప్రకారం నడిచిందా, లేదా అని చూడటం. 2014లో హిందుస్థాన్ పెట్రోలియం వర్సెస్ దిల్‌బహార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఐదుగురు జడ్జిల రాజ్యాంగ ధర్మాసనం ఈ విషయం స్పష్టం చేసింది. రెంట్ కేసుల్లో రివిజన్ వింటున్న హైకోర్టు, అప్పీల్ కోర్టులాగా సాక్ష్యాలను మళ్లీ తూకం వేసి వేరే నిర్ణయానికి రాకూడదని చెప్పింది. సాక్ష్యాన్ని పట్టించుకోకుండా వదిలేసినా, చట్టాన్ని తప్పుగా అన్వయించినా మాత్రం జోక్యం చేసుకోవచ్చు. కాబట్టి "కింద ఎలాగైనా పోనీ, హైకోర్టులో చూసుకుందాం" అనుకుంటే పొరపాటే. వాస్తవాల మీద గట్టిగా కొట్లాడాల్సింది మొదటి అప్పీల్‌లోనే.

దారి 2: సివిల్ కోర్టు కేసు అయితే..

ఇక్కడ ఓనర్ ప్రత్యేకంగా కారణం చూపించాల్సిన పని లేదు. అగ్రిమెంట్ గడువు అయిపోతే ఖాళీ చేయమని అడగొచ్చు. నెలవారీ కిరాయి అయితే ఆస్తి బదిలీ చట్టం 106వ సెక్షన్ ప్రకారం 15 రోజుల నోటీసు ఇచ్చి, ఆ తర్వాత దావా వేయొచ్చు. (రెంట్ కంట్రోల్ కేసుల్లో ఈ నోటీసు అక్కర్లేదని 1979లోనే సుప్రీంకోర్టు ఏడుగురు జడ్జిల ధర్మాసనం ధనపాల్ చెట్టియార్ కేసులో తేల్చింది.)

మన దగ్గర ఎక్కువగా 11 నెలల అగ్రిమెంట్ స్టాంప్ పేపర్ మీద రాసుకుంటారు. ఏడాదికి మించిన లీజు అయితే రిజిస్టర్ చేయాల్సిందే కాబట్టి ఈ 11 నెలల లెక్క వచ్చింది. "మాకు ఐదేళ్లకు రాసిచ్చారు" అని రిజిస్టర్ కాని కాగితం చూపించి కోర్టులో నెగ్గడం కష్టం. అలాంటి కేసుల్లో కోర్టులు సాధారణంగా దాన్ని నెలవారీ కిరాయిగానే చూస్తాయి.

తీర్పు వ్యతిరేకంగా వస్తే సివిల్ ప్రొసీజర్ కోడ్ 96వ సెక్షన్ కింద మొదటి అప్పీల్ వేయొచ్చు. జిల్లాలోని పైకోర్టుకు వెళ్తే 30 రోజుల గడువు. రంగారెడ్డి జిల్లా కోర్టుల సముదాయం ఎల్బీ నగర్‌లో ఉంది. ఏ కోర్టు తీర్పిచ్చింది, దావా విలువ ఎంత అన్న దాన్ని బట్టి అప్పీల్ ఎక్కడ వేయాలో లాయర్ చెబుతారు. ఆ తర్వాత 100వ సెక్షన్ కింద హైకోర్టులో రెండో అప్పీల్ ఉంటుంది. దానికి 90 రోజుల గడువు. కానీ చట్టానికి సంబంధించిన గట్టి ప్రశ్న ఉంటేనే హైకోర్టు దాన్ని విచారణకు తీసుకుంటుంది. కిరాయి కట్టారా లేదా, రసీదు నిజమా కాదా లాంటి వాస్తవాల గొడవలు అక్కడ నడవవు.

30 రోజులు ఎలా లెక్కేస్తారు?

తీర్పు వచ్చిన రోజు నుంచి లెక్క మొదలవుతుంది. అయితే తీర్పు సర్టిఫైడ్ కాపీ కోసం దరఖాస్తు పెట్టిన రోజు నుంచి అది తయారయ్యే వరకు పట్టిన సమయాన్ని తీసేస్తారు. ఉదాహరణకు జూన్ 5న తీర్పు వచ్చింది. జూన్ 10న కాపీకి అప్లై చేశారు. జూన్ 20న కాపీ రెడీ అయింది. మధ్యలో పోయిన ఆ పదకొండు రోజులు మీ గడువుకు కలుస్తాయి. కానీ నెల రోజులు ఊరికే ఉండి, 31వ రోజున కాపీకి అప్లై చేస్తే కలిసేది ఏమీ ఉండదు.

అందుకే తీర్పు వచ్చిన రోజే, లేదంటే మర్నాడే సర్టిఫైడ్ కాపీకి అప్లై చేయడం అన్నిటికంటే ముఖ్యమైన పని. చివరి రోజు కోర్టుకు సెలవైతే, మళ్లీ తెరిచిన రోజు వేయొచ్చు. సివిల్ అప్పీల్‌లో గడువు దాటితే ఆలస్యానికి కారణం చెబుతూ వేరే దరఖాస్తు పెట్టుకోవాలి. దాన్ని ఒప్పుకోవాలా వద్దా అన్నది కోర్టు ఇష్టం. ఆసుపత్రి కాగితాల్లాంటి ఆధారాలు ఉండాలి తప్ప "పనుల్లో పడి మర్చిపోయాం" అంటే కుదరదు.

అప్పీల్ వేశాం కదా.. ఇక ఆగిపోతుందా?

ఆగదు. చాలా కుటుంబాలు దెబ్బతినేది ఇక్కడే. అప్పీల్ నంబర్ పడినంత మాత్రాన కింది కోర్టు తీర్పు ఆగిపోదని సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 5 స్పష్టంగా చెబుతోంది. స్టే కోసం విడిగా దరఖాస్తు పెట్టాలి. స్టే రాకముందే ఓనర్ ఈపీ, అంటే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసి, కోర్టు అమీన్‌ను తీసుకొచ్చి ఖాళీ చేయించే అవకాశం ఉంది. అప్పీల్, స్టే పిటిషన్ రెండూ ఒకే రోజు వేయడం మంచిదని లాయర్లు చెప్పేది ఇందుకే.

స్టే కూడా ఉచితంగా రాదు. దీనిపై దేశమంతా కోర్టులు చూసే తీర్పు ఒకటుంది.. 2004 డిసెంబర్‌లో ఆత్మారాం ప్రాపర్టీస్ వర్సెస్ ఫెడరల్ మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చింది. ఢిల్లీ కన్నాట్ సర్కస్‌లోని ఒక వ్యాపార స్థలం. నెల కిరాయి రూ. 371.90. ఖాళీ చేయాలని తీర్పు వచ్చాక కిరాయిదారు అప్పీల్‌కు వెళ్లారు. స్టే కావాలంటే నెలకు రూ. 15,000 కట్టాలని ట్రిబ్యునల్ షరతు పెట్టింది. హైకోర్టు ఆ షరతు తీసేసింది. సుప్రీంకోర్టు మళ్లీ దాన్ని నిలబెట్టింది. ఖాళీ చేయాలన్న తీర్పు వచ్చిన రోజు నుంచి పాత కిరాయి లెక్క చెల్లదని, ఓనర్ అదే స్థలాన్ని వేరేవాళ్లకు ఇస్తే ఎంత వచ్చేదో ఆ మేరకు పరిహారం కట్టమని కోర్టు షరతు పెట్టొచ్చని తేల్చింది.

ఇది సాగర్ రోడ్డుకు ఆనుకున్న మడిగెల వాళ్లు జాగ్రత్తగా గమనించాల్సిన విషయం. పాత కిరాయికీ, ఇవాళ్టి మార్కెట్ కిరాయికీ తేడా ఎంత ఎక్కువ ఉంటే, అప్పీల్ నడిచినన్నాళ్లూ నెలనెలా పడే భారం అంత పెరగొచ్చు. "కేసు సాగదీద్దాం" అన్న ఆలోచన ఒకప్పుడు లాభంగా ఉండేదేమో గానీ ఇప్పుడు కాదు.

కిరాయి కట్టడం ఆపితే కేసే పోతుంది!

రెంట్ కంట్రోల్ కేసుల్లో ఇంకో కఠినమైన నిబంధన ఉంది. 11వ సెక్షన్ ప్రకారం, బకాయి మొత్తం కట్టకుండా కిరాయిదారు కేసులో వాదించడానికి గానీ, అప్పీల్ చేయడానికి గానీ వీల్లేదు. కేసు ముగిసే వరకు నెలనెలా కడుతూనే ఉండాలి. సరైన కారణం లేకుండా ఆపితే, అప్పీల్ కోర్టు మిగతా విచారణ ఆపేసి ఖాళీ చేయమని ఆదేశిస్తుంది. మీ వాదన ఎంత బలంగా ఉన్నా పనికిరాదు.

ఓనర్ కోపంతో కిరాయి తీసుకోవడానికి ఒప్పుకోకపోతే? "తీసుకోలేదు కాబట్టి కట్టలేదు" అనడం సరిపోదు. బ్యాంకు ఖాతా చెప్పమని ఓనర్‌కు రాతపూర్వకంగా నోటీసు ఇవ్వడం, మనీ ఆర్డర్ పంపడం, అదీ తిరిగొస్తే రెంట్ కంట్రోలర్ దగ్గర డిపాజిట్ చేయడం.. ఈ దారులను 8వ సెక్షన్ చూపించింది. కట్టిన ప్రతి కిరాయికీ రసీదు అడిగి తీసుకునే హక్కు కూడా ఉంది. చేతికి నగదు ఇచ్చి రసీదు లేకుండా వచ్చేవాళ్లు కోర్టులో రుజువు చూపించలేక ఇబ్బంది పడతారు. యూపీఐలో కట్టినా ఏ నెల కిరాయో రాసి పంపితే రేపు అదే సాక్ష్యం అవుతుంది.

నాకు తెలియకుండానే తీర్పు వచ్చింది.. ఇప్పుడెలా?

సమన్లు అందక, లేదా వాయిదాకు వెళ్లక ఒకవైపు విని ఇచ్చే తీర్పును ఎక్స్‌పార్టీ అంటారు. సివిల్ కేసుల్లో దీన్ని రద్దు చేయమని అదే కోర్టును అడగొచ్చు. తీర్పు తేదీ నుంచి 30 రోజుల గడువు. సమన్లు సరిగా అందకపోయి ఉంటే, తీర్పు సంగతి తెలిసిన రోజు నుంచి ఆ 30 రోజులు లెక్కేస్తారు. ఇల్లు మారిన వాళ్లు, సొంతూళ్లకు వెళ్లి నెలల తర్వాత వచ్చేవాళ్లు పోస్ట్‌లో వచ్చే కవర్లను తేలిగ్గా తీసుకోవద్దు. తలుపుకు అంటించిన నోటీసును చింపేసినా కేసు ఆగదు.

ఓనర్లు గెలిచాక చేయాల్సినవి.. అస్సలు చేయకూడనివి

తీర్పు వచ్చింది కదా అని తాళం వేయడం, సామాన్లు బయట పడేయడం, కరెంట్ కట్ చేయడం, నల్లా బంద్ పెట్టడం కుదరదు. తీర్పు చేతిలో ఉన్నా కోర్టు ద్వారానే స్వాధీనం చేసుకోవాలి. రెంట్ కంట్రోల్ పరిధిలో ఉన్న ఇళ్లలో సౌకర్యాలు ఆపకూడదని 14వ సెక్షన్ ప్రత్యేకంగా చెబుతోంది. బలవంతంగా బయటకు పంపిస్తే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద కిరాయిదారు ఆరు నెలల లోపు దావా వేసి మళ్లీ స్వాధీనం కోరొచ్చు. ఆసక్తికరం ఏంటంటే, ఆ దావాలో వచ్చిన తీర్పుపై అప్పీల్ కూడా ఉండదు. అంటే ఏళ్ల పాటు కోర్టులో గెలిచింది ఒక్క రోజు తొందరపాటుతో చిక్కుల్లో పడొచ్చు.

చేయాల్సిన పని వేరే ఉంది. గెలిచిన వెంటనే అప్పీల్ కోర్టులో కేవియట్ వేసుకోవాలి. దీంతో ఓనర్‌కు చెప్పకుండా, ఆయన వాదన వినకుండా స్టే ఇవ్వడం సాధారణంగా జరగదు. కేవియట్ 90 రోజులు పనిచేస్తుంది. మార్కెట్ కిరాయి ఎంత ఉందో చూపించే చుట్టుపక్కల అగ్రిమెంట్లు సిద్ధంగా పెట్టుకుంటే, స్టేకు షరతులు అడగడం తేలికవుతుంది.

"ఈ ప్లాట్ ఆయనది కాదు" అంటే..?

నగర శివార్లలో ఒకే ప్లాట్‌కు ఇద్దరు ముగ్గురు హక్కుదారులు ఉండటం కొత్తేం కాదు. దాంతో కొందరు కిరాయిదారులు "అసలు ఈయన ఓనరే కాదు" అని వాదిస్తారు. ఇది కత్తి మీద సాము. ఒకరిని ఓనర్‌గా ఒప్పుకుని ఇంట్లోకి దిగినవాళ్లు, ఆ ఇంట్లో ఉంటూనే కిరాయికి ఇచ్చిన నాటికి ఆయనకు హక్కు లేదని అనడానికి సాక్ష్య చట్టం ఒప్పుకోదు. పైగా రెంట్ కంట్రోల్ చట్టంలో నిజాయతీ లేకుండా ఓనర్ హక్కును కాదనడమే ఖాళీ చేయించడానికి ఒక కారణం. ఇంకెవరైనా వచ్చి కిరాయి తమకే కట్టాలంటే, కట్టడం ఆపేయకుండా కోర్టులో డిపాజిట్ చేసే దారి గురించి లాయర్‌ను అడగడం మేలు.

రాజీ అయితే మళ్లీ అప్పీల్ లేదు

అప్పీల్ నడుస్తుండగా కూడా రాజీ పడొచ్చు. పిల్లల పరీక్షలయ్యే వరకు గడువు, అడ్వాన్స్ వాపసు, బకాయిలో కొంత మాఫీ.. ఇలా మాట్లాడుకుని లోక్ అదాలత్‌లో రాసుకోవచ్చు. కానీ ఒకటి గుర్తుంచుకోవాలి. లోక్ అదాలత్ అవార్డ్ సివిల్ కోర్టు డిక్రీతో సమానం. దానిపై అప్పీల్ ఉండదు. సంతకం పెట్టే ముందు తేదీ, మొత్తం, షరతులు ఒకటికి రెండుసార్లు చదివించుకోవాలి. "ఫలానా తేదీకి ఖాళీ చేస్తాం" అని కోర్టుకు హామీ రాసిచ్చి తప్పితే కోర్టు ధిక్కారం కిందకు కూడా రావొచ్చు.

లాయర్ ఫీజు భరించలేని వాళ్లకు న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్‌ను ఇస్తుంది. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు, తక్కువ ఆదాయం ఉన్నవాళ్లు దీనికి అర్హులు. హెల్ప్‌లైన్ నంబర్ 15100. అప్పీల్‌కు కూడా ఈ సాయం దొరుకుతుంది. కానీ దీనికీ సమయం పడుతుంది కాబట్టి 25వ రోజు వరకు ఆగకుండా మొదటి వారంలోనే వెళ్లడం మంచిది.

వాట్సాప్‌లో తిరిగే "కొత్త కిరాయి రూల్స్" సంగతేంటి?

రెండు నెలలకు మించి అడ్వాన్స్ తీసుకోకూడదు, రెంట్ ట్రిబ్యునల్ వచ్చేసింది అంటూ మెసేజ్‌లు తిరుగుతుంటాయి. వాటికి మూలం 2021 జూన్‌లో కేంద్ర కేబినెట్ ఆమోదించిన మోడల్ టెనెన్సీ యాక్ట్. పేరులోనే ఉంది, అది నమూనా మాత్రమే. రాష్ట్రం సొంతంగా చట్టం చేస్తేనే అమలవుతుంది. ఆ మెసేజ్‌ను నమ్మి కిరాయి ఆపడం గానీ, అప్పీల్ గడువు వదులుకోవడం గానీ చేయొద్దు.

తీర్పు వచ్చిన రోజు ఈ ఐదు పనులు మర్చిపోవద్దు

1. అదే రోజు, లేదా మర్నాడు సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టండి.
2. ఏ చట్టం కింద తీర్పు వచ్చిందో, అప్పీల్ ఎక్కడ వేయాలో లాయర్‌తో రాయించుకోండి.
3. బకాయి లెక్క తేల్చి కట్టండి. నెలనెలా కిరాయి ఆపొద్దు. రసీదులన్నీ ఒక ఫైల్‌లో పెట్టండి.
4. అప్పీల్‌తో పాటే స్టే పిటిషన్ వేయించండి. ఓనర్ అయితే కేవియట్ వేయండి.
5. ఓడిపోయే అవకాశం ఎక్కువుందని లాయర్ చెబితే, ఖాళీ చేయడానికి గడువు అడగడం కూడా ఒక దారే. పిల్లల బడి, దుకాణం సరుకు సర్దుకోవడానికి కోర్టులు చాలాసార్లు కొన్ని నెలల సమయం ఇస్తుంటాయి.

గమనిక: ఇది అవగాహన కోసం ఇచ్చిన సమాచారం మాత్రమే. ప్రతి కేసులో అగ్రిమెంట్, బిల్డింగ్ వయసు, కిరాయి మొత్తాన్ని బట్టి ఫలితం మారొచ్చు. నిర్ణయం తీసుకునే ముందు లాయర్‌ను సంప్రదించండి.